ప్రభు బల్ల మీద తూరు రంగు

నా పరువు జీవితంలో మూడుసార్లు పోయింది. మొదటి రెండుసార్లూ చూసినవాళ్ళు లేరు కాబట్టి వాటిని వదిలేద్దాం. మూడోసారి మాత్రం హాలు నిండా జనం చూశారు. పాస్టరుగారు చూశారు. పైనుంచి సూర్యుడు చూశాడు. చూడ్డమేమిటి, చేసిందంతా ఆయనే. ఆ ఆదివారం క్రాన్‌బర్న్‌లో మబ్బు పట్టి ఉంటే ఈ కథ లేదు, నాకీ సిగ్గూ లేదు. మెల్‌బోర్న్‌లో మబ్బు లేని ఆదివారాలు ఏడాదికి ఎన్ని వస్తాయో ఇక్కడున్నవాళ్ళకి తెలుసు. అందులో ఒకటి ఏరి కోరి నా నెత్తిన పడింది.

ఇది నా స్టూడెంటు రోజుల సంగతి. స్టూడెంటు అనగానే రెండు జడలూ రిబ్బన్లూ ఊహించుకుంటున్నారేమో, ఆపండి. అప్పటికి నాకు అరవై ఒకటి. మోకాళ్ళకి పట్టీలు, కళ్ళకి జోడు, వీపున మా మనవరాలి పాత స్కూలు బ్యాగు. దాని మీద రెక్కల గుర్రం బొమ్మ.

బాపట్ల అవతల సముద్రం ఒడ్డున ఎండుచేపలు అమ్మిన మనిషిని నేను. బడి గడప తొక్కలేదు. నా కూతురు ఎస్తేరు ఇక్కడ నర్సు. నన్ను తెచ్చుకున్నాక, నా యాభై ఎనిమిదో ఏట, అదే నా వేలు పట్టుకుని తెలుగు అక్షరాలు దిద్దించింది. అక్కడితో మొదలైంది నా పిచ్చి. లేటుగా అక్షరం వచ్చిన మనిషికి ఖాళీ జాగా కనబడకూడదు. చేతులు ఊరుకోవు. కారు అద్దం మీద ఆవిరి పడితే నా పేరు. చపాతీ పిండి పరిస్తే నా పేరు. ఒకసారి పెరుగు మీద కూడా రాశాను. రాసిన ప్రతిదాని కిందా సంతకం. "రాసిన మాటకి మనిషి ఉండాలమ్మా, కింద పేరు పెట్టు" అని ఎస్తేరు నేర్పింది. ఆ ఒక్క పాఠం నేర్పకపోయి ఉంటే బాగుండేది.

తెలుగయ్యాక ఇంగ్లీషు. మా పేటలో పెద్దవాళ్ళకి చెప్పే క్లాసులో చేరాను. టీచరు పేరు నాదియా. ఆవిడ నాయనమ్మ లెబనాన్ ఒడ్డున తూరులో పుట్టిందట. అందుకని ఆ టర్మంతా ఆవిడ మాకు ఆ ఒడ్డు కథలే చెప్పింది. తూరు, సీదోను అనే మాటలు పాస్టర్ల నోట వెయ్యిసార్లు విన్నాను. నిజం చెబుతున్నాను, నవ్వకండి, వాళ్ళిద్దరూ అన్నదమ్ములనుకున్నాను. ఊళ్ళని అరవై ఒకటో ఏట తెలిసింది. వెనక కొండలు, ముందు సముద్రం, మధ్యన చాపంత నేల. ఆ చాప మీద కూర్చుని వాళ్ళు ప్రపంచమంతా బేరాలు చేశారట. కొండ మీద దేవదారు మాను కొట్టి ఓడ కట్టడం, ఓడలో సరుకు వేసుకుని పోవడం. "ఇంకేం, మావాళ్ళే!" అన్నాను క్లాసులో తెలుగులోనే.

అక్షరాలు కూడా వాళ్ళవేనట. ఆ ఇరవై రెండు అక్షరాలూ గ్రీకులకి వాళ్ళే అంటించారని నాదియా చెప్పగానే నాకు ఒళ్ళు మండింది.

"ఇరవై రెండేనా?" అన్నాను.

"ఇరవై రెండే. ఎందుకు?"

"నాకు యాభై ఆరు. ఆపైన గుణింతాలు. ఆపైన ఒత్తులు. నేను తూరులో పుట్టి ఉంటే ఈపాటికి కలెక్టరునయ్యేదాన్ని."

అన్నిటికన్నా నా మనసు పడింది ఊదారంగు మీద. సముద్రపు నత్తల్ని చితక్కొట్టి ఆ రంగు తీసేవాళ్ళట. ఒక్కో నత్తలో ఒక్క చుక్క. ఒక అంగీకి వేల నత్తలు. రాజులే కట్టుకోవాలి. ఆ రంగు తీసే పేట కంపు ఊరవతలిదాకా కొట్టేదట. అది వినగానే నాకు పుట్టింటి మీద బెంగ పుట్టుకొచ్చింది.

ఇప్పుడు అసలు సంగతి. టర్ము చివర ప్రతివాళ్ళూ లేచి ఐదు నిమిషాలు ఇంగ్లీషులో మాట్లాడాలి, చేతిలో ఏదో ఒక వస్తువు చూపించాలి. పాసైతే పై క్లాసు, పేరు రాసిన కాగితం. నేను అప్పటికే రెండుసార్లు తప్పాను. మొదటిసారి ఐదు నిమిషాలూ తెలుగులో మాట్లాడేశాను. రెండోసారి బాత్‌రూములో దాక్కున్నాను. మూడోసారీ పోతే మళ్ళీ ఏ బీ సీ డీల గదికి.

పోతే పోయింది అనుకోవడానికి వీల్లేదు. రత్నమ్మగారు ఉన్నారు కదా. మా తెలుగు చర్చిలో స్త్రీల సమాజానికి అధ్యక్షురాలు, పాటలకి నాయకురాలు. బీఏ చదివింది. ఆవిడ గొంతు దగ్గరికి తరవాత వద్దాం. స్త్రీల కూటంలో అందరి ముందూ, "ఈ వయసులో మీకీ చదువులెందుకు సువార్తమ్మగారూ? అక్షరాలు కూడా పళ్ళలాంటివి. ఊడిపోయే వయసులో రావు" అంది. నేను లేచి నిలబడి, "వచ్చే బుధవారం పరీక్ష పాసై ఆ కాగితం మీ ఒళ్ళో పెడతాను రత్నమ్మగారూ. పెట్టలేకపోతే నా రెక్కల గుర్రం బ్యాగు మీకిచ్చేస్తా, చదువు మానేస్తా" అన్నాను. అందరూ ఆమేన్ అన్నారు. ఎందుకన్నారో వాళ్ళకే తెలియాలి.

మాట అనేశాను. ఇక కుదురేదీ? బుధవారానికి తూరు రంగు వేసిన గుడ్డ పట్టుకెళ్ళి నాదియా కళ్ళు తిరిగేట్టు చెయ్యాలని నిర్ణయించుకున్నాను. శుక్రవారం ఎస్తేరు సెలవు. మనవరాలు రూతుని కూడా లాక్కుని రాళ్ళ బీచికి వెళ్ళాం. మనిషికి ఇన్నేసి నత్తలే తియ్యాలని అక్కడ బోర్డు. ఆ బోర్డు ఎవరి సాయం లేకుండా నేనే చదివాను. ఆ సంతోషంలో రెండు తక్కువే తీశాను.

శనివారం పొద్దున్నే గరాజులో పీట వేసుకుని కూర్చున్నాను. ఇంట్లో చెయ్యడానికి వీల్లేదని ఎస్తేరు ఖచ్చితంగా చెప్పింది. సుత్తితో పెంకు పగలగొట్టడం, లోపల నరంలా ఉన్నదాన్ని గీరి గిన్నెలో వెయ్యడం. రూతు తలుపు సందులోంచి తల పెట్టింది.

"అమ్మమ్మా, దిస్ ఈజ్ సో గ్రోస్. సమ్‌థింగ్ డైడ్ ఇన్ హియర్."

"నాకేం వాసన రావట్లేదే."

"యూ కాంట్ స్మెల్ ఎనీథింగ్!"

అది నిజమే. నలభై ఏళ్ళు ఎండుచేపల గంపల మధ్య బతికిన ముక్కు ఇది. దానికి మల్లెపూలూ తెలియవు, మురుక్కాలవా తెలియదు. మొహం మీద అలంకారానికి ఉంది, అంతే.

గిన్నెలో పోగైంది చూస్తే ఊదా లేదు, గీదా లేదు. పల్చటి గంజిలా ఉంది. పాత తెల్ల చీర ముక్కలు ముంచాను. ముక్కలు తెల్లగానే ఉన్నాయి. ఐదు నిమిషాలకోసారి వెళ్ళి చూశాను. టీ పెట్టుకున్నాను, తాగలేదు, మళ్ళీ చూశాను. పెరట్లో నాలుగు చుట్లు తిరిగాను, చూశాను. తలుపు తీస్తే వెలుగు పడుతుందని సందులోంచి దూరి చూశాను.

"అమ్మా, ఎండలో పెట్టి చూడరాదూ?" అంది ఎస్తేరు, ముక్కుకి చున్నీ కట్టుకుని. "మీ టీచరు కూడా ఎండ అని ఏదో చెప్పిందన్నావుగా."

"రంగు గుడ్డ ఎండలో ఆరేస్తారటే ఎవరైనా? నీకదే నేర్పానా? వెలిసిపోదూ! నీడలోనే ఆరాలి."

"ఇంకా రంగే రాలేదు కదమ్మా, వెలవడానికి?"

"వచ్చాక వెలుస్తుంది. నువ్వు నర్సువి, సూదులు చూసుకో. గుడ్డల సంగతి నాకు చెప్పకు."

విన్నారు కదా. మీలో సగం మంది ఆడవాళ్ళు ఇప్పుడు తల ఊపుతున్నారని నాకు తెలుసు. ప్రింటు చీర కొన్న రోజు నుంచీ మనకి తెలిసిన శాస్త్రం అది. రంగుదైతే నీడ, తెల్లదైతే ఎండ. రాజులకి బట్టలు వేసిన తూరువాళ్ళకి కూడా నేనే పాఠం చెబుతాననుకున్నాను.

సాయంత్రానికి ఓపిక అయిపోయింది. బుధవారం, రెక్కల గుర్రం, ఏ బీ సీ డీల గది, అన్నీ కళ్ళముందు గిర్రున తిరిగాయి. అన్నిటికీ మించి రత్నమ్మగారి పళ్ళు కనబడ్డాయి. ఊడనివి. ఒళ్ళు మండిపోయింది. చేతిలో చీపురుపుల్ల, ముందు గిన్నెడు గంజినీళ్ళు. రాయడానికి చీర ముక్కలన్నీ అయిపోయాయి. పక్కన ఇస్త్రీ బల్ల మీద తెల్లగా, నున్నగా, పొడుగ్గా ఒక గుడ్డ పరిచి ఉంది. చర్చిలో రొట్టె, ద్రాక్షరసం పెట్టే ప్రభు బల్ల మీద వేసే గుడ్డ. ఆ వారం ఉతికి ఇస్త్రీ చేసి తెచ్చే వంతు మాది.

మీరు అనుకుంటున్నదే జరిగింది. నీళ్ళే కదా, ఆరిపోతుంది కదా అనుకున్నాను. పుల్ల ముంచి, గుడ్డ అంచు పొడుగునా, ఈ కొస నుంచి ఆ కొసకి, చేతివేళ్ళంతేసి అక్షరాలతో కడుపులో ఉన్నది రాసిపడేశాను: "రత్నమ్మ పాడితే కాకులు లేచిపోతాయి."

కింద సంతకం. అలవాటు.

ఎంత హాయిగా అనిపించిందో! రాసింది రాసినట్టే ఆరిపోయింది. జాడ లేదు. గుడ్డ మడిచి నల్ల సంచిలో పెట్టాను. రూతు దాని మీద సువాసన సీసా సగం కొట్టింది.

మా చర్చికి సొంత గుడి లేదు. ఒక స్కూలు హాలు అద్దెకి తీసుకుని ఆదివారం మధ్యాహ్నం ఆరాధన చేసుకుంటాం. పడమటి గోడంతా అద్దాల కిటికీలు. తెరల్లేవు. గుడ్డ పరిచినవాళ్ళు నేను రాసిన అంచునే జనం వైపు వేలాడేశారు. ముందు వరసలోవాళ్ళు ముక్కులు ఎగబీల్చి, "ఈ వారం భోజనంలో చేపల పులుసా?" అని గుసగుసలాడారు.

రెండో పాటకి ఎండ హాల్లోకి వచ్చింది. చదరంగా ఒక ముక్క నేల మీద పడి, మెల్లగా బల్ల ఎడమ కొస ఎక్కింది. నేను మూడో వరసలో రూతు పక్కన. గుడ్డ అంచున పాకుడులా పచ్చగా ఏదో కనబడింది. ఇస్త్రీలో మచ్చ పడిందేమో అనుకున్నాను. పచ్చ కాస్తా నీలమైంది. నీలానికి తలకట్టు వచ్చింది. నీలం ఊదా అవుతోంది. కళ్ళు చెదిరే ఊదా. మూడు వేల ఏళ్ళ నాటి తూరు ఊదా.

"ర" పక్కన "త్న" వచ్చేసింది.

అయితే రంగుకి ఎండే కావాలన్నమాట! అది అర్థమైన క్షణంలోనే, ఎండ ముక్క కుడివైపుకి జరుగుతోందనీ, కుడివైపున ఏముందనీ కూడా అర్థమైంది.

కూర్చోలేకపోయాను. లేచాను. కిటికీకి తెర వెయ్యబోయాను, తెర లేదు. వెళ్ళి కిటికీకీ బల్లకీ మధ్య నిలబడి పైట రెండు చేతులా చాపాను.

"సువార్తమ్మగారూ," అన్నారు పాస్టరుగారు మైకులోంచి, "ఏమైనా ఇబ్బందా?"

"లేదండీ. ఆత్మ కదిలించింది."

"అలాగైతే మీ స్థలంలో కదలండమ్మా."

వచ్చి కూర్చున్నాను. రెండు నిమిషాలు ఆగి మళ్ళీ లేచాను. రూతు కొంగు పట్టుకుని లాగింది. "అమ్మమ్మా, వై ఆర్ యూ స్టాండింగ్ లైక్ ఎ గోల్‌కీపర్?"

అప్పటికే ముందు వరసలో ఒకావిడ కేక పెట్టింది. "అయ్యో! చూడండి! బల్ల మీద రత్నమ్మగారి పేరు! దానంతటదే వస్తోంది!"

హాలంతా లేచింది. ఒకటే స్తోత్రాలు. రత్నమ్మగారు కీబోర్డు పక్కనుంచి బల్ల వైపు చూసింది. చేతిలో పాటల పుస్తకం జారిపోయింది. కళ్ళవెంట నీళ్ళు.

"నా పేరా?" అంది. "నా పేరేనా?"

"మీదేనండీ! ఇంకా వస్తోంది! 'పాడితే' అని వస్తోంది!"

"పాడమంటున్నాడు!" అని గట్టిగా అరిచింది రత్నమ్మగారు. మోకాళ్ళ మీద పడి, రెండు చేతులూ పైకెత్తి, ఇంకెవర్నీ అడక్కుండా పాట అందుకుంది. ఆవిడ గొంతు దగ్గరికి తరవాత వద్దామన్నాను కదా. ఇదిగో వచ్చాం. ఎండుటాకుల మీద రేకు డబ్బా ఈడ్చుకెళితే ఎలా ఉంటుందో, దానికి భక్తి కలిపితే అలా ఉంటుంది.

ఆవిడ పాడుతోంది. ఎండ జరుగుతోంది. నేను లోపల ప్రార్థన చేస్తున్నాను: ప్రభువా, ఒక్క మబ్బు. నీకది ఎంత పని? ఊరికే పంపిస్తావు వారమంతా, ఇవాళ ఒక్కటి పంపించు.

"కా" వచ్చింది. "కాపాడతాను అని కాబోలు" అన్నారెవరో. "కు" వచ్చింది. స్తోత్రాలు కొంచెం తగ్గాయి. "లు" వచ్చేసరికి హాల్లో నిశ్శబ్దం. ఒక్క రత్నమ్మగారే కళ్ళు మూసుకుని మూడో చరణం పాడుతోంది. మిగతావాళ్ళం అందరం ఎండ వంక చూస్తూ నిలబడ్డాం. చివరి మాట అక్షరం అక్షరంగా ఎంత తీరుబడిగా వచ్చిందంటే, దాని బదులు భూమి చీలినా నాకు సుఖంగానే ఉండేది.

వెనకనుంచి ఎవరో కిసుక్కున నవ్వారు. రత్నమ్మగారు కళ్ళు తెరిచింది. చదివింది. బీఏ కదా, ఒక్క చూపులో చదివేసింది.

"ఇది... ఇది దేవుడు రాసింది కాదు!"

"ఇంకా వస్తోందండీ," అన్నారు పాస్టరుగారు నీరసంగా. "కింద ఏదో పేరు ఉంది."

నేను కుర్చీ కిందికి వంగాను, చెప్పు వెతుక్కుంటున్నట్టు. చెప్పు కాలికే ఉంది. "అమ్మమ్మా," అంది రూతు చెవిలో, ఆ పిల్ల చదవగలిగిన తెలుగు మాట అదొక్కటే, "దట్స్ యువర్ నేమ్."

ఆరాధనయ్యాక రత్నమ్మగారు నా ముందుకి వచ్చి నిలబడింది. తిట్లకి సిద్ధంగా తల వంచుకున్నాను.

"'గారు' ఏదీ?" అంది.

"అండీ?"

"రత్నమ్మ ఏమిటి రత్నమ్మ! 'గారు' పెట్టడానికి గుడ్డ చాల్లేదా? బుధవారం సాయంత్రానికి ఈ గుడ్డ తెల్లగా నా చేతికి రావాలి."

ఉతికాను. సబ్బు, సోడా, నిమ్మకాయ, ఇక్కడివాళ్ళ బ్లీచు. ఉతికినకొద్దీ అక్షరాలు పెళ్ళికూతుళ్ళలా నిగనిగలాడాయి. రాజులు ఊరికే కట్టుకోలేదు మరి. గరాజులో దాచిన చీర ముక్కల్ని ఎండలో వేద్దామని పరిగెత్తాను. కంపు భరించలేక ఎస్తేరు శనివారమే చెత్తబండిలో వేసేసిందట. బీచికి పోదామంటే దానికి డ్యూటీ. బుధవారానికి తూరు రంగు వేసిన గుడ్డ ఈ భూమ్మీద నా దగ్గర ఒక్కటే ఉంది. అది చర్చిది. దాని మీద ఆ మాట ఉంది.

సిగ్గు విడిచి రత్నమ్మగారికి ఫోను చేశాను.

"ఆ గుడ్డ క్లాసుకి పట్టుకెళతానండీ. లేకపోతే తప్పుతాను."

"చర్చి ఆస్తి ఇంక మీ చేతిలో ఉంచను," అంది. "ఇప్పుడే వచ్చి తీసుకుంటాను. క్లాసుకి నేనే తెస్తాను."

తెచ్చింది. పట్టుచీర కట్టుకుని, గుడ్డ ఒళ్ళో పెట్టుకుని, క్లాసులో ముందు వరసలో కూర్చుంది, తీర్పు చెప్పడానికి వచ్చినట్టు. బాత్‌రూము ఎటో కూడా చూసుకున్నాను. కానీ లేచాను. వచ్చిన ఇంగ్లీషుతో తూరు చెప్పాను, సీదోను చెప్పాను, అన్నదమ్ములు కారని చెప్పాను, ఓడలు, దేవదార్లు, ఇరవై రెండు అక్షరాలు. ఎండ మాట వినకపోవడం నా తప్పని కూడా చెప్పాను. రత్నమ్మగారి ఒళ్ళోంచి గుడ్డ తీసుకుని విప్పాను.

నాదియా దగ్గరికి వచ్చి ఆ ఊదాని వేలితో తాకింది. "మా నాయనమ్మ చెబితే విన్నాను," అంది. "ఎప్పుడూ చూడలేదు." కళ్ళు తుడుచుకుని, "ఏం రాశారు దీనిమీద? మాకు ఇంగ్లీషులో చెప్పండి" అంది.

ఐదు నిమిషాల్లో ఇంకా అర నిమిషం మిగిలి ఉంది. నా నోట్లో నాలుక ఎండుచేపైపోయింది. ఇంగ్లీషు పోయింది. తెలుగు పోయింది. రత్నమ్మగారి వంక చూశాను. రత్నమ్మగారు నా వంక చూసింది. బ్యాగు మీది గుర్రం మా ఇద్దరి వంకా చూసింది.

రత్నమ్మగారు పైట సర్దుకుని లేచింది. "నేను చెబుతాను," అంది తీరైన ఇంగ్లీషులో. "రత్న అనే గాయని పాడితే, ఆ పాట వినడానికి దూరదూరాల నుంచి పక్షులు వచ్చి వాలతాయి అని రాసింది. ఆ రత్నను నేనే."

క్లాసంతా చప్పట్లు. నాదియా నా పేరు కాగితం మీద రాసింది. "ఒక్క పాట పాడండి మేడమ్!" అంది.

వద్దని నేను అనేలోపే రత్నమ్మగారు అందుకుంది.

కిటికీ బయట కారు పార్కు. దాని పక్కన చెట్టు మీద, నేను లెక్కపెట్టలేదు కానీ, ఓ పాతిక కాకులుంటాయి. మొదటి చరణానికి అన్నీ ఒక్కసారిగా లేచిపోయాయి. క్లాసంతా కిటికీ వైపు తిరిగింది. నాదియా గుడ్డ వంక చూసింది, ఖాళీ చెట్టు వంక చూసింది, నా వంక చూసింది. నా పేరు రాసిన కాగితం నా చేతిలో పెట్టేసింది. మంచి టీచరు.

ఆ కాగితం మాటిచ్చినట్టే రత్నమ్మగారి ఒళ్ళో పెట్టాను. ఆవిడ దాన్ని రెండుసార్లు చదివి, "పేరు పక్కన గారు లేదు, బాగా అయింది" అంది.

పన్నెండేళ్ళయింది. కాబట్టి చదివేవాళ్ళందరి ఎదుటా, పైన సూర్యుడి ఎదుటా, కుడిచెయ్యి ఎత్తి ప్రమాణం చేస్తున్నాను. ఆరిపోతుంది కదా అని ఎవరి గురించీ నిజం రాయను. రాసినా 'గారు' పెట్టకుండా రాయను. రాసినా, చచ్చినా, కింద సంతకం మాత్రం పెట్టను.

ఇదిగో, దీనికీ పెట్టడం లేదు.